యమాషితకు ఒలింపిక్ స్వర్ణం ఒక్కటే, మరి అంత గొప్పవాడని ఎందుకంటారు?

మీరు రాసింది రెండుసార్లు చదివానండి. పదమూడేళ్ల మీ అబ్బాయి ఏడాదిగా జూడోకి వెళ్తున్నాడు. వయసుకు మించిన ఒళ్లు, స్కూల్లో దుడుకు ఎక్కువ. వాళ్ల కోచ్ మాటిమాటికీ యసుహిరో యమాషిత పేరు చెబుతున్నారు. మీరు వెతికి చూస్తే ఆయన పేరు మీద ఒలింపిక్ స్వర్ణం ఒక్కటే కనిపించింది. ఫ్రాన్స్ ఆటగాడు టెడ్డీ రినేర్‌కి, జపాన్‌వాడే అయిన తదహిరో నొమురాకి అంతకంటే ఎక్కువ ఉన్నాయి కదా, మరి ఈయన్నే అందరికంటే గొప్పవాడని ఎందుకంటారన్నది మీ మొదటి సందేహం. 1984 ఫైనల్లో ఈజిప్టు ఆటగాడు ఆయన దెబ్బతిన్న కాలిని కావాలనే ముట్టుకోలేదన్న కథ నిజమా అన్నది రెండోది. దుడుకు పిల్లాడికి జూడో నేర్పితే బాగుపడతాడా, ఇంకా ముదురుతాడా అన్నది మూడోది.

నేను జూడో మొదలుపెట్టింది 1986లో. పిల్లలకు నేర్పడం మొదలుపెట్టి ఇరవై తొమ్మిదేళ్లయింది. యమాషిత మ్యాచ్‌లు మొదట వీడియో క్యాసెట్లలో, తర్వాత ఫోన్లో ఎన్నిసార్లు చూశానో లెక్క లేదు. నాకు తెలిసినంతలో వివరంగా చెబుతాను, ఓపిగ్గా చదవండి.

ముందు పతకాల లెక్క. నొమురా 1996, 2000, 2004 ఒలింపిక్స్‌లో వరుసగా మూడు స్వర్ణాలు గెలిచాడు, 60 కిలోల విభాగంలో. రినేర్ సంగతి మీకు తెలిసిందే. ఇద్దరూ మహానుభావులే, వాళ్లను తక్కువ చేసే ఉద్దేశం నాకు ఏమాత్రం లేదు. కానీ ఒకళ్ల పతకాలను ఇంకొకళ్ల పతకాలతో పోల్చేటప్పుడు, అసలు ఎన్నిసార్లు బరిలోకి దిగే అవకాశం వచ్చిందో కూడా చూడాలి. ఇప్పుడు ప్రపంచ ఛాంపియన్‌షిప్ దాదాపు ఏటా జరుగుతోంది. యమాషిత రోజుల్లో రెండేళ్లకోసారి. ఆయనకు ఇరవై ఏళ్లప్పుడు, 1977లో బార్సిలోనాలో జరగాల్సిన పోటీలు రాజకీయ గొడవల వల్ల ఏకంగా రద్దయిపోయాయి. 1980 ఒలింపిక్స్‌కి జపాన్ వెళ్లలేదు. మిగిలిన వాటిలో ఆయన ఏం చేశారో చూడండి. 1979 పారిస్‌లో స్వర్ణం. 1981లో నెదర్లాండ్స్‌లోని మాస్ట్రిక్ట్‌లో రెండు స్వర్ణాలు, ఒకటి 95 కిలోల పై విభాగంలో, ఇంకొకటి బరువుతో పనిలేని ఓపెన్ విభాగంలో. 1983 మాస్కోలో మళ్లీ స్వర్ణం. 1984 లాస్ ఏంజెలిస్ ఒలింపిక్స్‌లో స్వర్ణం. అంటే ఈ పోటీల్లో ఆయన ఏ విభాగంలో దిగితే ఆ విభాగం గెలిచారు.

దీనికి మించిన లెక్క ఇంకొకటుంది. 1977 అక్టోబరు నుంచి 1985 ఏప్రిల్ దాకా ఆయన ఒక్క మ్యాచ్ కూడా ఓడిపోలేదు. మధ్యలో కొన్ని డ్రాలున్నాయి, విజయాలు మాత్రం 203. ఆ వరుసను ఎవరూ తెంచలేదు, ఓటమి ఎరగకుండానే 1985 జూన్‌లో ఆయనే రిటైర్ అయ్యారు. రినేర్ కూడా ఇలాగే 154 మ్యాచ్‌లు వరుసగా గెలిచి, 2020 ఫిబ్రవరిలో పారిస్‌లో కొకొరో కగెఉరా అనే జపాన్ కుర్రాడి చేతిలో ఓడాడు. ఇక కెరీర్ మొత్తం మీద యమాషితవి 528 విజయాలు, 16 ఓటములు, 15 డ్రాలు. విదేశీ ఆటగాళ్లతో 116 గెలిచారు, 3 డ్రా అయ్యాయి. ఒక్కటి కూడా ఓడలేదు.

జపాన్ వాళ్ల దృష్టిలో వీటన్నిటికంటే పెద్దది ఆల్ జపాన్ ఛాంపియన్‌షిప్. ఏటా ఏప్రిల్ 29న టోక్యోలోని బుడోకాన్ హాల్లో జరుగుతుంది. అక్కడ బరువు విభాగాలు లేవు. ఎనభై కిలోల మనిషికీ నూట ముప్పై కిలోల మనిషికీ ఒకే మ్యాట్. ఒలింపిక్ ఛాంపియన్లు కూడా అక్కడ రెండో రౌండ్లో ఇంటికెళ్లిపోతుంటారు. యమాషిత దాన్ని 1977లో, పందొమ్మిదేళ్ల వయసులో గెలిచారు. అంత చిన్న వయసులో అది గెలిచినవాళ్లు అంతకుముందు లేరు. అక్కణ్ణుంచి 1985 వరకు తొమ్మిదేళ్లు వరుసగా ఆయనే ఛాంపియన్. జపాన్‌లో జూడో నేర్చుకున్న పాతతరం మనిషి ఎవరినైనా అడగండి, యమాషిత పేరు వినగానే ఒలింపిక్స్ కంటే ముందు ఈ తొమ్మిదే చెబుతారు.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. ఆయన అంత గట్టిగా ఎందుకు నిలబడ్డారు? బలం, బరువు అని చాలామంది అంటారు. ఎత్తు 180 సెంటీమీటర్లు, బరువు 127 కిలోల పైన. అలాంటి ఒళ్లున్నవాళ్లు ప్రపంచంలో ఇంకా చాలామంది ఉన్నారు. నా లెక్కలో ఆయన్ని వేరు చేసింది ఒక్కటే. నిలబడి విసరడానికీ, నేల మీద పట్టి ఉంచడానికీ మధ్య ఆయనకు సందు లేదు. త్రో సగంలో ఆగిపోయినా, ఎదుటివాడు తప్పించుకుని మోకాళ్ల మీద పడినా, ఆ క్షణంలోనే ఆయన వాడి మీద ఉంటారు. భారీ మనుషులు మామూలుగా నేల మీద ఆడటానికి ఇష్టపడరు. ఊపిరి ఆడదు, ఒంట్లో సత్తువంతా అక్కడే కరిగిపోతుంది. మా క్లాసులో కూడా చూస్తుంటాను, తొంభై కిలోల కుర్రాడు త్రో పడకపోతే వెంటనే లేచి నిలబడి రిఫరీ వైపు చూస్తాడు. యమాషిత అలా చూడటం నేను ఏ వీడియోలోనూ చూడలేదు.

అది ఆయనకు ఎక్కడ అబ్బిందంటే, గురువు సాటో గారింట్లో. యమాషితది క్యూషు దీవిలోని కుమమోటో జిల్లా, యబె అనే కొండప్రాంతపు చిన్న ఊరు. 1957 జూన్ 1న పుట్టారు. కుమమోటోలోనే మిడిల్ స్కూల్లో, హైస్కూల్లో పేరు తెచ్చుకున్నాక, హైస్కూలు మధ్యలోనే టోక్యో దగ్గరున్న టోకాయ్ యూనివర్సిటీ అనుబంధ స్కూలుకు మారారు. అక్కడి గురువు నొబుయుకి సాటో కుర్రాణ్ణి తన ఇంట్లోనే పెట్టుకున్నారు. ఇంట్లోనే తిండి, ఇంట్లోనే నిద్ర, పొద్దున్నా సాయంత్రం శిక్షణ. మన దగ్గర సంగీతంలో గురువుగారింట్లో ఉండి నేర్చుకోవడం ఎలాగో అలాగన్నమాట. ఈ సాటో గారు 1967లో, 1973లో ప్రపంచ ఛాంపియన్. పైగా నేల మీద ఆటలో, జపాన్ వాళ్లు నె-వాజా అంటారే, అందులో దిట్ట. అప్పటికే బలం, త్రో రెండూ ఉన్న కుర్రాడికి అలాంటి గురువు దొరికాడు. నా మటుకు నాకు యమాషిత కథలో అతి పెద్ద అదృష్టం ఏదంటే అదే.

ఆయన త్రోలలో ముఖ్యమైనది ఓ-సొటో-గరి. గరి అంటే కొడవలితో పైరు కోయడం, అదే మాట ఇక్కడా వాడతారు. యమాషితది ఎడమవాటం. ఎడమవాటంలో ఈ త్రో ఎలా వేస్తారంటే, ఎడమచేత్తో ఎదుటివాడి కాలర్ పట్టుకుని, కుడిచేత్తో వాడి చొక్కా చేతిని కిందికి లాగుతూ, మన కుడి పాదాన్ని వాడి ఎడమ పాదం పక్కన గట్టిగా వేస్తారు. వాడి బరువంతా ఆ ఎడమ మడమ మీదికి వచ్చేలా ఛాతీతో నెట్టి, మన ఎడమ కాలిని వాడి కాలి వెనక నుంచి ఊపుగా కోసేస్తారు. చూసేవాళ్లకు కోసే కాలే కనిపిస్తుంది. కానీ పనంతా చేసేది నిలబడ్డ కుడి కాలే. రెండు శరీరాల బరువు, దాదాపు రెండు వందల యాభై కిలోలు, ఒక్క క్షణం ఆ కుడి పిక్క మీద నిలుస్తుంది. ఈ మాట గుర్తుపెట్టుకోండి, ముందు ముందు అవసరం పడుతుంది.

1980 సంగతి చెప్పకుండా 1984 అర్థం కాదు. మన హాకీ జట్టు స్వర్ణం గెలిచిన మాస్కో ఒలింపిక్స్ అవే. సోవియట్ సైన్యం అఫ్ఘానిస్థాన్‌లో దిగినందుకు నిరసనగా అమెరికా బహిష్కరణకు పిలుపునిచ్చింది. జపాన్ ప్రభుత్వం అమెరికా వెంట నడిచింది. ఏప్రిల్లో ఆటగాళ్లు, కోచ్‌లు సమావేశమై మమ్మల్ని వెళ్లనివ్వండి అని వేడుకున్నారు. యమాషిత, రెజ్లర్ యూజి తకాదా అక్కడే కన్నీళ్లు పెట్టుకున్నారు. ఆ దృశ్యం టీవీలో జపానంతా చూసింది. ఆయనకు అప్పుడు ఇరవై రెండేళ్లు. మిడిల్ స్కూల్లో ఉండగానే ఒలింపిక్స్‌లో గెలిచి తమ జెండా పైకి ఎగరడం చూడాలన్నది తన కల అని వ్యాసం రాసుకున్న మనిషి. అయినా మే 24న జపాన్ ఒలింపిక్ కమిటీ ఓటింగ్ పెట్టి, వెళ్లకూడదనే తేల్చింది.

ఆ మర్నాడే ఇంకో దెబ్బ. మే 25న దేశవాళీ పోటీలో సుమియో ఎందో అనే ఆటగాడితో మ్యాచ్. ఎందో పొట్టివాడు, 169 సెంటీమీటర్లే, కానీ ఉక్కులాంటి మనిషి, ప్రపంచ ఛాంపియన్. అతను కాని-బసామి అనే పట్టు వేశాడు. పీత తన డెక్కలతో పట్టినట్టు, ఒంటిని గాల్లోకి విసిరి రెండు కాళ్లతో ఎదుటివాడి కాళ్లను ముందు నుంచీ వెనక నుంచీ బిగించి పడగొట్టే పట్టు. అప్పటికి అది నిబంధనల ప్రకారం తప్పు కాదు. యమాషిత ఎడమ కాలి ఎముక విరిగింది, మోకాలి కింద బయటివైపు ఉండే సన్న ఎముక. మ్యాచ్ డ్రాగా ప్రకటించారు. తర్వాత తర్వాత ఆ పట్టును నిషేధించారు. మీ అబ్బాయి ఎక్కడైనా ఆన్‌లైన్ వీడియోలో చూసి సరదాగా ప్రయత్నిస్తాడేమో, దయచేసి గట్టిగా చెప్పండి, ప్రాక్టీసులో కూడా వద్దని. ఎదుటి పిల్లాడి మోకాలు పోతుంది. ఈ విషయంలో నేను మా క్లాసులో రెండో అవకాశం ఇవ్వను, ఒక్కసారి వేస్తే ఆ నెలంతా పక్కన కూర్చోవాల్సిందే.

విరిగిన కాలు అతుక్కున్నాక ఆయన మళ్లీ గెలవడం మొదలుపెట్టారు. 1983లో ప్రపంచ పోటీలు మాస్కోలోనే జరిగాయి. మూడేళ్ల కిందట వెళ్లనివ్వని ఊరికి వెళ్లి స్వర్ణం తెచ్చుకున్నారు. దీని గురించి ఎవరూ ఎక్కువగా మాట్లాడరు, నాకు మాత్రం చాలా ఇష్టమైన ఘట్టం.

ఇక 1984 ఆగస్టు 11, లాస్ ఏంజెలిస్. ఓపెన్ విభాగం. ఆయనకు ఇరవై ఏడేళ్లు. ఈసారి సోవియట్ వాళ్లు రాలేదు కాబట్టి పోటీ పలచన అన్నవాళ్లున్నారు. ఆ రోజు ఏం జరిగిందో చూస్తే ఆ మాట నిలబడదు.

మొదటి మ్యాచ్ అర నిమిషంలోపే అయిపోయింది. రెండోది పశ్చిమ జర్మనీ ఆటగాడు ఆర్టుర్ ష్నాబెల్‌తో. అందులో త్రో వేయబోతుండగా కుడి పిక్క కండరం చిరిగింది. కుడి పిక్క! ఇందాక చెప్పానే, ఆయన ఆటంతా నిలబడేది దాని మీదే. ఎడమ కాలికి దెబ్బ తగిలినా ఎలాగో నెట్టుకొచ్చేవారు. కుడి పిక్క పోయిందంటే ఓ-సొటో-గరి లేదు, తొడతో ఎత్తి విసిరే ఉచి-మాత లేదు, నిలబడి చేసే పెద్ద త్రోలన్నీ పోయినట్టే. అప్పుడాయన ఏం చేశారు? ష్నాబెల్‌ను నేల మీదే దొరకబుచ్చుకుని, వెనక నుంచి వాడి కాలర్‌ను మెడ చుట్టూ బిగించి, ఒకురి-ఎరి-జిమె అనే పట్టుతో ఆ మ్యాచ్ గెలిచారు. సాటో గారింట్లో ఏళ్ల తరబడి నేర్చుకున్నది అక్కడ ఆదుకుంది.

మ్యాట్ దిగి నడుస్తుంటే కుంటుతున్నారు. దాచుకుందామన్నా దాగలేదు, హాలంతా చూసింది. సెమీఫైనల్లో ఫ్రాన్స్ ఆటగాడు లోరాం దెల్ కొలొంబో. అతను మొదలుపెట్టిన అర నిమిషంలోనే యమాషితను పడగొట్టాడు. అదీ ఓ-సొటో-గరితోనే, ఆయన సొంత ఆయుధంతోనే. అప్పటి నిబంధనల్లో కొకా అనే చిన్న పాయింటు ఉండేది, అది అతనికి దక్కింది. ఏడేళ్లుగా ఓటమి తెలియని మనిషి, ఒలింపిక్ సెమీఫైనల్లో, ఒంటికాలి మీద, వెనకబడి ఉన్నారు. ఎన్నిసార్లు చూసినా నాకు ఇక్కడ టెన్షన్‌గానే ఉంటుంది, ఫలితం తెలిసి కూడా. ఆయన లేచారు, బట్టలు సర్దుకున్నారు, పట్టు దొరకగానే నేరుగా ముందుకు నడిచారు. కుంటుతూనే. త్రో వేసి వజా-అరి, అంటే అర పాయింటు, తీసుకున్నారు, వాడు నేల తాకేలోపే మీద పడి పక్కనుంచి బిగించేశారు. రెండూ కలిపి పూర్తి పాయింటు.

ఫైనల్ ఈజిప్టు ఆటగాడు మొహమ్మద్ అలీ రష్వాన్‌తో. మీ రెండో సందేహం ఇక్కడే.

మీరు విన్న కథ ప్రపంచమంతా తిరిగిందే. రష్వాన్ గాయపడిన కాలిని వదిలేశాడు, అందువల్లే ఓడాడు, అందుకే అతనికి ఫెయిర్ ప్లే గౌరవం దక్కిందని చెబుతారు. గౌరవం దక్కిన మాట నిజం. కానీ జరిగింది అంత సూటిగా లేదు. రష్వాన్ తన కుడి కాలి వైపు కూడా దాడికి వచ్చాడని తర్వాతి కాలంలో యమాషితే చెప్పారు. అలాగని రష్వాన్ గొప్పతనం తగ్గదు, నా దృష్టిలో ఇంకా పెరుగుతుంది. ఎందుకంటారా? ఆ కాలిని మాత్రమే వేటాడాలనుకుంటే దారులు చాలా ఉన్నాయి. దూరంగా నిలబడి ఆ పిక్క మీద తన్నులాంటి కాలి దెబ్బలు వేస్తూ, ఆయన్ని అటూ ఇటూ తిప్పుతూ సమయం గడిపేయొచ్చు. రెండు మూడు నిమిషాల్లో ఆ కాలు మొరాయించేది. రష్వాన్ ఆ పని చేయలేదు. తన ఆట తాను ఆడాడు. గెలవాలనే వచ్చాడు, పూర్తి బలంతో త్రోకి వెళ్లాడు. జాలిపడి కాలు వదిలేశాడని చెబితే ఇద్దరినీ చిన్నబుచ్చినట్టే. యమాషిత జాలి మీద గెలవలేదు, రష్వాన్ జాలిపడి ఓడలేదు.

మ్యాచ్ నిమిషం పైచిలుకే. రష్వాన్ లోపలికి దూసుకొచ్చి త్రో వేయబోయాడు. యమాషిత దానికి ఎదురు నిలవలేదు, నిలవడానికి కాలు లేదు కదా. ఆ ఊపును ఖాళీగా పోనిచ్చారు. రష్వాన్ తన ఊపులో తానే ముందుకు పడ్డాడు. యమాషిత అక్కడే వాడి మీదికి వెళ్లి యోకో-షిహో-గతమె బిగించారు. ఈ పట్టు ఎలా ఉంటుందంటే, కింద వెల్లకిలా ఉన్నవాడికి మనం అడ్డంగా, ఛాతీ మీద ఛాతీ వేసి పడుకుంటాం. ఒక చేయి మెడ కింద నుంచి కాలర్ మీద, ఇంకో చేయి కాళ్ల మధ్య నుంచి బెల్టు మీద. నడుము నేలకు అంటుకుని ఉండాలి. నడుము బెత్తెడు లేచినా కిందవాడు దూరి వచ్చేస్తాడు. ఆ రోజుల్లో పూర్తి పాయింటుకు ముప్పై సెకన్లు పట్టి ఉంచాలి. రష్వాన్ వంతెనలా నడుము లేపాడు, అటు దొర్లాడు, ఇటు దొర్లాడు. యమాషిత కదల్లేదు. నూట ముప్పై కిలోల బరువును ఎదుటివాడు ఊపిరి తీసే చోట వేసి ఉంచారు. బజర్ మోగింది. ఆయన లేవబోయి, ఒక్క క్షణం మోకాళ్ల మీదే ఉండిపోయి, రెండు చేతులూ పైకెత్తారు, ముఖం ఏడుపుతో ముడుచుకుపోయింది. పతకాల వేదిక ఎక్కేటప్పుడు కాలు పైకి రాలేదు. పక్కనుంచి రష్వాన్ చేయి అందించాడు. ఫెయిర్ ప్లే అంటే నాకు ఆ చెయ్యే గుర్తుకొస్తుంది. 2019లో జపాన్ ప్రభుత్వం రష్వాన్‌ను పురస్కారంతో గౌరవించింది. యమాషితకు 1984 అక్టోబరులోనే, జపాన్ ప్రధాని ఇచ్చే జాతీయ గౌరవ పురస్కారం వచ్చింది.

ఇంతా చెప్పి హితోషి సైటో గురించి చెప్పకపోతే అన్యాయం. అతను యమాషిత కంటే మూడున్నరేళ్లు చిన్న. అదే లాస్ ఏంజెలిస్‌లో 95 కిలోల పై విభాగంలో స్వర్ణం గెలిచాడు. ప్రపంచంలో రెండో బలమైన మనిషి కూడా జపాన్‌లోనే ఉన్నాడన్నమాట. 1983, 84, 85 ఆల్ జపాన్ ఫైనల్స్ మూడింటిలోనూ యమాషిత ఎదుట నిలబడింది సైటోనే, మూడింటిలోనూ ఓడింది సైటోనే. చివరిదైతే న్యాయనిర్ణేతల తీర్పు దాకా వెళ్లింది, సైటోనే గెలిచాడనుకున్నవాళ్లూ చాలామంది ఉన్నారు. ఎవరెస్ట్ ఎక్కగలిగాను గానీ ఫూజీ పర్వతం ఎక్కలేకపోయానని అతను అన్న మాట జపాన్‌లో అందరికీ తెలుసు. ఎవరెస్ట్ అంటే ప్రపంచ టైటిల్, ఒలింపిక్ టైటిల్. ఇంటి పక్కనున్న ఫూజీ అంటే యమాషిత. ఆయన రిటైరయ్యాక సైటో 1988లో ఆల్ జపాన్ గెలిచాడు, ఆ ఏడాదే సియోల్‌లో రెండో ఒలింపిక్ స్వర్ణం గెలిచాడు. ఆ ఒలింపిక్స్‌లో జూడోలో జపాన్‌కు దక్కిన స్వర్ణం అదొక్కటే. 2015 జనవరిలో యాభై నాలుగేళ్లకే పోయాడు. కొడుకు తత్సురు 2022లో ఆల్ జపాన్ గెలిచాడు, తండ్రీకొడుకులిద్దరూ గెలవడం అదే మొదటిసారి. యమాషిత ఎంత ఎత్తు అని ఎవరైనా అడిగితే నేను సైటో పేరే చెబుతాను. రెండు ఒలింపిక్ స్వర్ణాలున్న మనిషి ఫైనల్లో ఎప్పుడూ గెలవలేకపోయినంత ఎత్తు.

మీ మూడో సందేహానికి జవాబు యమాషిత బాల్యంలోనే ఉంది. చిన్నప్పుడు ఆయన పెద్ద ఒళ్లున్న అల్లరి పిల్లాడు. అల్లరంటే మామూలుది కాదు, ఆయన భయానికి క్లాసులో ఒక పిల్లాడు స్కూలుకు రావడమే మానేశాడు. ఇది ఆయనే సభల్లో చెప్పుకున్న విషయం. ఇంట్లోవాళ్లు జూడోలో వేసింది ఛాంపియన్‌ని చేద్దామని కాదు, ఆ దుడుకు ఎక్కడో ఒకచోట పద్ధతిగా ఖర్చవ్వాలని. అక్కడైతే బలం వాడొచ్చు, కానీ నిబంధన దాటకూడదు. ముందు వంగి నమస్కారం, తర్వాతే పట్టు. మిడిల్ స్కూల్లో దొరికిన గురువు జూడో ఒక్కటే కాకుండా, బయట ఎలా మెలగాలో కూడా దగ్గరుండి నేర్పారు. ఒలింపిక్ స్వర్ణం గెలిచాక ప్రైమరీ స్కూలు నాటి క్లాస్‌మేట్లు ఆయనకు సొంతంగా రాసిన ప్రశంసాపత్రం ఇచ్చారు. నువ్వు చిన్నప్పుడు క్లాసులో చేసిన దాష్టీకాలు ఇన్నీ అన్నీ కావు, కానీ ఇప్పుడు చేసింది చూసి అవన్నీ మాఫీ చేస్తున్నాం అని దాని సారాంశం. తనకొచ్చిన గౌరవాలన్నిటిలో దాన్ని ఆయన చాలా అపురూపంగా చెప్పుకుంటారు.

కాబట్టి మీ బాబుకి జూడో పనికొస్తుంది. కానీ జూడో దానంతటదే ఏ పిల్లాణ్ణీ బాగుచేయదు, నేర్పేవాళ్లను బట్టే ఉంటుంది. క్లాసుకు వెళ్లి ఓ అరగంట కూర్చోండి. మీ బాబు తనకంటే చిన్నవాడితో ప్రాక్టీసు చేస్తున్నప్పుడు కోచ్ ఏం చేస్తున్నారో చూడండి. బరువుతో తొక్కేస్తుంటే ఆపుతున్నారా, విసిరినవాణ్ణి చేయి పట్టి దింపమంటున్నారా, లేదా గెలిచాడు చాలనుకుంటున్నారా? కొట్టే కోచ్ అయితే ఆ రోజే మాన్పించండి, ఎంత పేరున్నవాడైనా సరే. నేను కుర్రాడిగా ఉన్నప్పుడు ఒక శిబిరంలో వెదురు కర్రతో దెబ్బలు తిన్నాను. అది క్రమశిక్షణ అనుకున్నాను, దానివల్ల ఒక్క పట్టు కూడా అదనంగా రాలేదు. జపాన్‌లో కూడా ఈ జాడ్యం ఉంది. జాతీయ జట్టులోని 15 మంది మహిళలు కోచ్‌ల హింస మీద ఫిర్యాదు చేసిన సంగతి 2013లో బయటపడి దేశమంతా గొడవయింది. అప్పుడు జూడో ఫెడరేషన్‌లో హింసను రూపుమాపే పని నెత్తికెత్తుకున్నది యమాషితే.

రిటైరయ్యాక జీవితం గురించి క్లుప్తంగా చెబుతాను. టోకాయ్ యూనివర్సిటీలో నేర్పారు. 1992 నుంచి 2000 దాకా జపాన్ పురుషుల జట్టుకు హెడ్ కోచ్. 2000 సిడ్నీలో ఆయన శిష్యుడు కోసెయ్ ఇనోఉఎ స్వర్ణం గెలిచి, ఏడాది కిందట పోయిన తల్లి ఫొటో పట్టుకుని వేదికెక్కాడు. అదే ఒలింపిక్స్‌లో హెవీవెయిట్ ఫైనల్లో జపాన్ ఆటగాడు షినొహరాకు వ్యతిరేకంగా వచ్చిన తీర్పు జూడో చరిత్రలోనే పెద్ద వివాదం. ఫ్రాన్స్ ఆటగాడు దుయ్యే వేసిన త్రోను షినొహరా తప్పించి తిప్పికొట్టాడు, పాయింటు మాత్రం దుయ్యేకి ఇచ్చారు. యమాషిత అభ్యంతరం చెప్పినా ఫలితం మారలేదు. తర్వాత అంతర్జాతీయ సమాఖ్యలో విద్యా విభాగం చూశారు. 2006లో ఒక సంస్థ పెట్టి పేద దేశాల పిల్లలకు వాడిన జూడో డ్రెస్సులు పంపించారు, చైనాలో చింగ్‌దావ్‌లో, నాన్‌జింగ్‌లో జూడో హాళ్లు కట్టడానికి పూనుకున్నారు. నాన్‌జింగ్‌లో జపాన్ సైన్యం చేసిన మారణకాండ గురించి తెలిసినవాళ్లకు అక్కడ ఒక జపాన్ మనిషి పిల్లలకు ఆట నేర్పే హాలు కట్టించడం ఎంత కష్టమైన పనో అర్థమవుతుంది. 2017లో జపాన్ జూడో ఫెడరేషన్‌కు, 2019లో జపాన్ ఒలింపిక్ కమిటీకి అధ్యక్షుడయ్యారు.

2023 అక్టోబరులో హకొనెలో వేడినీటి బుగ్గల దగ్గర పడిపోయి మెడ దగ్గర వెన్నుపాముకు దెబ్బ తగిలింది. ఒళ్లు కదలని స్థితి. 2025 జూన్‌లో ఒలింపిక్ కమిటీ బాధ్యతలు సెయ్‌కో హషిమోతో తీసుకున్నారు. ఆ వార్త చదివిన రోజు నేను క్లాసులో పిల్లలకు యోకో-షిహో-గతమె తప్ప ఇంకేమీ నేర్పలేదు.

ఒక పని చేయండి. ఈ ఆదివారం మీ బాబుతో కలిసి 1984 ఫైనల్ చూడండి, ఆన్‌లైన్‌లో దొరుకుతుంది, నిండా రెండు నిమిషాలు ఉండదు. మొదటిసారి మామూలుగా చూడనివ్వండి. రెండోసారి రష్వాన్ దూసుకొచ్చే చోట ఆపి, యమాషిత కుడి కాలు మాత్రమే చూడమనండి. దాని మీద బరువు ఎప్పుడు పడింది, ఎప్పుడు తీసేశారు, ఇద్దరూ నేల మీదికి వచ్చాక ఆ కాలి వేళ్లు మ్యాట్‌ను ఎలా పట్టుకున్నాయి. వాడేం గమనించాడో ఇక్కడ రాయండి, మిగతాది నేను వాడితోనే మాట్లాడతాను.